ఒకే యుద్ధం, రెండు ఎడిట్‌లు: వియత్నాం మీద వచ్చిన రెండు టీవీ సిరీస్‌ల కేస్ స్టడీ

సుదీర్ఘ యుద్ధం మీద సిరీస్ చేస్తామని ఎవరైనా వస్తే నేను ముందు అడిగేది ఫుటేజ్ ఎంత ఉందని కాదు, ఏ సంవత్సరానికి ఎన్ని నిమిషాలు ఇస్తారని. ఫుటేజ్ ఎక్కడో ఒకచోట దొరుకుతుంది. దొరక్కపోతే ఫొటోలతో, మ్యాపులతో నెట్టుకురావచ్చు. నిమిషాల లెక్క తప్పితే మాత్రం, ఎంత మంచి సీన్లున్నా, సిరీస్ ఎవరి కథ చెబుతోందో తీసినవాళ్ళకే తెలియకుండా పోతుంది. ఎడిటింగ్ నేర్చుకునేవాళ్ళకు ఈ సంగతి మాటల్లో చెబితే ఎక్కదు. అందుకని వియత్నాం యుద్ధం మీద అమెరికా పబ్లిక్ టెలివిజన్‌లో వచ్చిన రెండు పెద్ద సిరీస్‌లను పక్కపక్కన పెట్టి చూపిస్తుంటాను. యుద్ధం ఒక్కటే, ప్రసారం చేసిన వ్యవస్థ ఒక్కటే. మధ్యలో 34 ఏళ్ళు గడిచాయి, అంతే.

మొదటిది ‘వియత్నాం: ఎ టెలివిజన్ హిస్టరీ’. బోస్టన్‌లోని డబ్ల్యూజీబీహెచ్ స్టేషన్ తీసింది. బ్రిటన్ నుంచి సెంట్రల్ ఇండిపెండెంట్ టెలివిజన్, ఫ్రాన్స్ నుంచి ఆంటెన్ 2 చేతులు కలిపాయి. ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ రిచర్డ్ ఎలిసన్, ప్రధాన విలేకరి స్టాన్లీ కార్నో. ఆరేళ్ళ పని. గంటేసి చొప్పున 13 ఎపిసోడ్లు, 1983 అక్టోబరు 4న మొదలయ్యాయి. రెండోది కెన్ బర్న్స్, లిన్ నోవిక్ కలిసి తీసిన ‘ది వియత్నాం వార్’. జెఫ్రీ వార్డ్ రచన, పీటర్ కొయోటీ గొంతు. 10 ఎపిసోడ్లు, 18 గంటలు. పదేళ్ళ శ్రమ, సుమారు 3 కోట్ల డాలర్ల ఖర్చు. 2017 సెప్టెంబరు 17న అమెరికా పబ్లిక్ టెలివిజన్ నెట్‌వర్క్ పీబీఎస్‌లో మొదలైంది.

కాలాన్ని ఎక్కడ కోశారు

2017 సిరీస్ ఎపిసోడ్లకు వేసుకున్న తేదీలు చూడండి. మొదటి ఎపిసోడ్ 1858 నుంచి 1961 దాకా. ఫ్రెంచివాళ్ళ ఆక్రమణ, హో చి మిన్ ఎదుగుదల, రెండో ప్రపంచ యుద్ధంలో జపాన్ రాక, ఫ్రెంచివాళ్ళు ఓడిపోయిన దియెన్ బియెన్ ఫూ యుద్ధం, జెనీవా ఒప్పందం, దేశం కమ్యూనిస్టు ఉత్తరం, అమెరికా అండ ఉన్న దక్షిణం అని రెండు ముక్కలవడం, అన్నీ కలిపి 103 ఏళ్ళు. వాటికి దక్కింది దాదాపు గంటన్నర. అయిదో ఎపిసోడ్‌కు వచ్చేసరికి 1967 జులై నుంచి డిసెంబరు దాకా ఆరు నెలలే. ఆరోది 1968 జనవరి నుంచి జులై దాకా. నాలుగు నుంచి ఏడు దాకా వరసగా నాలుగు ఎపిసోడ్లు కలిపి మూడున్నరేళ్ళ కాలం కూడా దాటవు. ఆ తర్వాత మళ్ళీ గడియారం పరుగెత్తుతుంది. తొమ్మిదో ఎపిసోడ్ ఒక్కటే 1970 మే నుంచి 1973 మార్చి దాకా లాక్కెళుతుంది.

ఇలా ఎందుకు చేశారో తెలుసుకోవడానికి పెద్ద పరిశోధన అక్కర్లేదు. అమెరికన్ సైనికులు ఎక్కువమంది చనిపోయింది 1968లో, ఆ ఒక్క ఏడాదే 16 వేలకు పైగా. అక్కడున్న అమెరికన్ సైనికుల సంఖ్య 5 లక్షల 40 వేలు దాటింది 1969లో. నెట్‌వర్క్ కెమెరాలు దట్టంగా ఉన్నదీ అప్పుడే. సిరీస్ గడియారం అమెరికన్ శవపేటికల లెక్కతో నడిచింది. ఇది నింద కాదు, అమెరికన్ ప్రేక్షకుడి కోసం అమెరికన్ చానల్ తీసింది. కానీ అదే టైమ్‌లైన్‌ను దక్షిణ వియత్నాం రాజధాని సైగాన్‌లోని ఒక సైనికుడి ఇంటి నుంచి చూడండి. దక్షిణ వియత్నాం సైన్యం అత్యధికంగా ప్రాణాలు కోల్పోయిన ఏడాది 1972. మార్చి చివర్లో ఉత్తరం వైపు నుంచి ట్యాంకులతో సహా భారీ దాడి వచ్చింది. అప్పటికి అమెరికన్ పదాతి దళాలు దాదాపు ఇంటిదారి పట్టాయి. ఆ 1972 పక్కవాళ్ళతో సీటు పంచుకున్నట్టు మూడేళ్ళ ఎపిసోడ్‌లో ఒక మూల సర్దుకుంది. 1968కి మాత్రం సొంత ఎపిసోడ్, ఇంకా పక్క ఎపిసోడ్‌లో కొంత భాగం.

1983 సిరీస్ వరసక్రమాన్ని అంతగా పట్టుకోలేదు. ఒక్కో అంశానికి ఒక్కో గంట కేటాయించింది. నాలుగో ఎపిసోడ్‌లో అమెరికా అధ్యక్షుడు జాన్సన్ యుద్ధంలోకి దిగుతాడు, అయిదోదాంట్లో అమెరికన్ సైన్యం రంగంలోకి వస్తుంది. ఆరో ఎపిసోడ్ ఒక్కసారిగా 1954కి వెనక్కి వెళ్ళి 1967 దాకా అవతలివైపు కథ చెబుతుంది. 1968 మొదట్లో వియత్నామీయుల కొత్త సంవత్సరం పండగప్పుడు కమ్యూనిస్టులు దక్షిణాది నగరాల మీద చేసిన టెట్ దాడికి ఒక గంట. కంబోడియా, లావోస్‌లకు కలిపి ఒక గంట. అమెరికాలో జరిగిన నిరసనలకు విడిగా ఒక గంట.

ఈ పద్ధతిలో నష్టం ఎడిటర్‌కు వెంటనే కనిపిస్తుంది. వాషింగ్టన్‌లో బాంబులు వేయాలన్న నిర్ణయం నాలుగో ఎపిసోడ్‌లో వింటాం, ఆ బాంబులు పడ్డవాళ్ళ మాట రెండు వారాల తర్వాత వింటాం. అప్పటికి ప్రేక్షకుడిలో వేడి చల్లారిపోయి ఉంటుంది. లాభం కూడా ఉంది, దీన్ని చాలామంది తక్కువ అంచనా వేస్తారు. శత్రువుకు ఒక గంట పూర్తిగా దొరికితే అతని వాదన తెగకుండా నడుస్తుంది. ఎందుకు పోరాడాడో, మనుషుల్ని ఎలా కూడగట్టాడో, దెబ్బ తిన్నా ఎందుకు లొంగలేదో ఒక వాక్యం తర్వాత ఇంకో వాక్యంగా వినిపిస్తుంది. క్రాస్ కటింగ్‌లో, అంటే రెండువైపుల మాటలనూ మార్చి మార్చి అతికించే పద్ధతిలో, అది కుదరదు. అక్కడ అవతలివాడు ప్రతిసారీ ఇవతలివాడి మాటకు జవాబుగానే వస్తాడు.

2017 వాళ్ళు క్రాస్ కటింగ్‌ను ఎంచుకుని అద్భుతంగా చేశారు, అది ఒప్పుకోవాలి. 1965 నవంబరులో ఇయా ద్రాంగ్ లోయ యుద్ధాన్ని అక్కడే ఉన్న విలేకరి జో గాలొవే చెబుతుంటే, అవతల నుంచి పోరాడిన లో ఖాక్ తామ్ కూడా చెబుతాడు. ఇద్దరి కుర్చీలకూ ఒకే రకం లైటింగ్, ఒకే రకం ఫ్రేమ్. ఎవరు మనవాడో, ఎవరు పరాయివాడో లైటింగ్ చెప్పదు. మన టీవీ డాక్యుమెంటరీల్లో అవతలివైపు మనిషికి చీకటి బ్యాక్‌గ్రౌండ్ ఇచ్చేసే అలవాటు ఉన్నవాళ్ళు ఈ సీన్ చూసి తీరాలి.

కుర్చీలో ఎవరు కూర్చున్నారు

1983 బృందానికి దొరికిన మనుషుల జాబితా చూస్తే ఇప్పటికీ అసూయ కలుగుతుంది. జాన్సన్ ప్రభుత్వంలో విదేశాంగ మంత్రి డీన్ రస్క్, తర్వాతి అధ్యక్షుడు నిక్సన్ దగ్గర పనిచేసిన హెన్రీ కిసింజర్, సైగాన్ అధ్యక్ష భవనాన్ని శాసించిన మదామ్ న్యూ, ఉత్తరం రాజధాని హనోయిలో ప్రధాని ఫామ్ వాన్ దోంగ్. యుద్ధం ముగిసి పదేళ్ళు కాలేదు. నిర్ణయాలు తీసుకున్నవాళ్ళు బతికున్నారు, కొందరు పదవుల్లోనే ఉన్నారు.

బర్న్స్, నోవిక్‌లు దీనికి పూర్తిగా ఎదురు దారి పట్టారు. కిసింజర్ లేడు. ఆ యుద్ధంలో పనిచేసి తర్వాత రాజకీయ నాయకులైన జాన్ మెక్‌కెయిన్, జాన్ కెరీ లాంటివాళ్ళతో మాట్లాడారు గానీ కెమెరా ముందు కూర్చోబెట్టలేదు. తెరమీద వ్యాఖ్యానం చెప్పే చరిత్రకారులు కూడా లేరు, వాళ్ళు సలహాదారులుగా తెరవెనకే ఉండిపోయారు. కనిపించే 80 మంది దాకా సాక్షుల్లో సైనికులు, వాళ్ళ తల్లులు, అక్కచెల్లెళ్ళు, నర్సులు, నిరసనకారులు, రెండువైపుల వియత్నామీయులు ఉన్నారు. నాయకులకు ఇప్పటికే తమ జ్ఞాపకాలను ఇస్త్రీ చేసి పెట్టుకునే అలవాటు ఉంటుంది కాబట్టి ఈ నిర్ణయం నాకు నచ్చింది. కొంతవరకే.

ఎందుకు కొంతవరకే అంటే, నాయకుల కుర్చీ ఖాళీగా ఉంటే ఆ ఖాళీని ఎవరో ఒకరు నింపాలి. ఇక్కడ నింపింది నెరేటర్. మొదటి ఎపిసోడ్ మొదట్లోనే ఒక వాక్యం వస్తుంది: ఈ యుద్ధాన్ని మంచివాళ్ళు సదుద్దేశంతోనే మొదలుపెట్టారని, అపార్థాలు, అమెరికన్ల అతివిశ్వాసం, ప్రచ్ఛన్న యుద్ధపు తప్పుడు అంచనాలు కలిసి ఇక్కడికి తెచ్చాయని. సిరీస్ మీద వచ్చిన విమర్శల్లో చాలా భాగం ఈ ఒక్క వాక్యం చుట్టూ తిరిగింది. నా అభ్యంతరం రాజకీయమైనది కాదు, వృత్తికి సంబంధించింది. ఈ మాటను కుర్చీలో కూర్చున్న ఒక మనిషి చెప్పి ఉంటే పక్కన ఇంకో మనిషిని పెట్టి కాదనిపించవచ్చు. నెరేటర్ చెబితే ఎదురు చెప్పే కుర్చీ లేదు. తర్వాతి 18 గంటల్లో వచ్చే అబద్ధాలు, దాచిపెట్టిన నివేదికలు ఆ వాక్యాన్ని ఎన్నిసార్లు కొట్టిపారేసినా అది మొదట్లో అలాగే నిలబడి ఉంటుంది.

అయితే నాయకుల్ని పిలవకుండానే వాళ్ళ గొంతులు వినిపించే సౌకర్యం 2017 వాళ్ళకు దక్కింది. కెన్నెడీ, జాన్సన్, నిక్సన్‌ల టేపులు. 1983లో జాన్సన్ టెలిఫోన్ టేపులు సీలు వేసి ఉన్నాయి. 1990ల నుంచి ఒక్కొక్కటే బయటికొచ్చాయి. 1968 ఎన్నికల ముందు శాంతి చర్చలకు నిక్సన్ మనుషులు అడ్డుపడుతున్నారని జాన్సన్‌కు తెలుసు. నవంబరు మొదట్లో ఇద్దరూ ఫోన్లో మాట్లాడుకున్నారు. తనకేమీ సంబంధం లేదని నిక్సన్ నమ్మబలుకుతాడు. నమ్మనట్టు తెలియనివ్వకుండా జాన్సన్ వింటాడు. ఏ ఇంటర్వ్యూలోనూ ఇది దొరకదు. కెమెరా లేదని తెలిసిన మనిషి గొంతు వేరు. ఎడిటర్‌గా నాకు ఇక్కడ బాగా నచ్చింది ఏమిటంటే, టేపు నడిచేటప్పుడు తెరమీద పెద్దగా ఏమీ చేయరు. ఒక ఫొటో, కొన్ని అక్షరాలు, టేపు గరగర. అక్కడ డ్రోన్ షాట్ వేద్దామని ఎవరికైనా చెయ్యి దురద పుడుతుంది. వేయలేదు.

హనోయి వైపు కూడా ఇలాంటి తేడాయే. 1983లో లె జువాన్ కమ్యూనిస్టు పార్టీ ప్రధాన కార్యదర్శిగా అధికారంలోనే ఉన్నాడు, 1986 జులైలో చనిపోయేదాకా. అధికారంలో ఉన్న మనిషి చేతికింద పనిచేసేవాళ్ళు పార్టీలో ఎవరు ఎవరితో విభేదించారో విదేశీ కెమెరాకు చెబుతారా? అందుకే మొదటి సిరీస్‌లో ఉత్తరం అంతా ఒకే గొంతుతో మాట్లాడినట్టు ఉంటుంది. 2017కి దస్త్రాలు కొంత తెరుచుకున్నాయి, పరిశోధనలు వచ్చాయి. టెట్ దాడి లాంటి నిర్ణయాలను ముందుకు నెట్టింది లె జువాన్ అనీ, హో చి మిన్, ఉత్తరం సేనాని జనరల్ జాప్ అప్పటికే పక్కకు జరిగిపోయారనీ ఆ సిరీస్ వివరంగా చూపించగలిగింది. సుదీర్ఘ యుద్ధం మీద ఎప్పుడు సిరీస్ తీయాలన్న ప్రశ్నకు ఇదే జవాబు అనుకోకండి. ముందు తీస్తే మనుషులు దొరుకుతారు, కాగితాలు దొరకవు. ఆలస్యంగా తీస్తే కాగితాలు దొరుకుతాయి, మనుషులు ఉండరు. రెండూ దొరికే సంవత్సరం అంటూ ఏదీ లేదు.

ఇద్దరికీ దొరికిన ఒక మనిషి ఉన్నాడు. మెరైన్ దళంలో పనిచేసి తర్వాత కవి అయిన విలియం ఎర్‌హార్ట్. 1983 సిరీస్‌లో ముప్పైల్లో ఉన్న మనిషిగా కనిపిస్తాడు, 2017లో అరవైల్లో. నా విద్యార్థులకు రెండింటినీ వెంటవెంటనే చూపిస్తాను. ఏం చెప్పాడన్నది ఒక ఎత్తు, ఎలా చెప్పాడన్నది ఇంకో ఎత్తు. మొదటిదాంట్లో తనకు జరిగిందేమిటో చెప్పేటప్పుడు ఇంకా అది పూర్తిగా అయిపోలేదన్నట్టు ఉంటుంది. రెండోదాంట్లో వాక్యాలు కుదురుగా, ఎక్కడ ఆపాలో తెలిసినట్టు ఉంటాయి. దశాబ్దాలపాటు రాసి, చదివి, వేదికల మీద చెప్పి అరగదీసిన జ్ఞాపకం అది. అబద్ధమని కాదు. కానీ ఎడిట్ రూమ్‌లో కూర్చున్నప్పుడు మనకు బాగా నచ్చే బైట్ (ఇంటర్వ్యూ ముక్క) చాలాసార్లు ఇలా అరిగినదే అవుతుంది. కట్ చేయడానికి తేలిగ్గా ఉంటుంది కాబట్టి దాన్నే తీసుకుంటాం.

త్వీ బో గ్రామం

1983 సిరీస్‌లో క్రాస్ కటింగ్ అసలు లేదనుకుంటే పొరపాటు. అయిదో ఎపిసోడ్‌లో త్వీ బో అనే గ్రామం మీద ఒక సీక్వెన్స్ ఉంది. 1967 మొదట్లో మెరైన్లు ఆ ఊళ్ళోకి వెళ్ళారు. గట్టి ఎదురుకాల్పులు వచ్చాయనీ, తమవాళ్ళు పడిపోయారనీ, ఊళ్ళో శత్రువు ఉన్నాడనీ ఒక మాజీ మెరైన్ చెబుతాడు. అదే రోజు గురించి గ్రామస్థులు చెబుతారు: ముసలివాళ్ళను, ఆడవాళ్ళను, పిల్లలను ఇళ్ళల్లో ఉండగానే చంపారని. మెరైన్ ఒక మాట, ఊరివాళ్ళు ఒక మాట, మళ్ళీ మెరైన్. ఇలా సాగుతుంది.

నేను ఈ సీక్వెన్స్‌ను చాలాసార్లు ఆపి ఆపి చూపిస్తాను. నెరేటర్ మధ్యలో దూరి ఎవరిది నిజమో తేల్చడు. సంగీతం లేదు. ముఖ్యంగా, ఒకరి మాటను ఇంకొకరి మాటకు సరిగ్గా ఖండనగా అతికించలేదు. అంటే మెరైన్ ‘కాల్పులు వచ్చాయి’ అనగానే గ్రామస్థురాలు ‘రాలేదు’ అనే చోటికి కట్ చేయలేదు. ఇద్దరూ తమ తమ రోజును తమ క్రమంలో చెప్పుకుపోతారు. రెండు కథలూ ఒకచోట కలవవు, ఆ కలవకపోవడాన్నే ప్రేక్షకుడి ముందు పెట్టారు. టీవీ చర్చలకు అలవాటుపడ్డ మన చేతులకు ఇది కష్టం. మనకు వాదన, ప్రతివాదన, పంచ్ కావాలి.

ఈ సిరీస్ మీద గొడవ కూడా పెద్దదే జరిగింది. వియత్నాం నుంచి వచ్చి అమెరికాలో స్థిరపడ్డ శరణార్థులు సిరీస్ తమ పక్షాన్ని చిన్నచూపు చూసిందని ఊరేగింపులు తీశారు. ‘యాక్యురసీ ఇన్ మీడియా’ అనే సంస్థ నటుడు చార్ల్‌టన్ హెస్టన్ వ్యాఖ్యానంతో జవాబు ఫిల్మ్ తీసింది. 1985లో పీబీఎస్ దాన్ని కూడా ప్రసారం చేసింది. తన సిరీస్‌ను తిట్టే ఫిల్మ్‌ను తానే ప్రసారం చేసిన చానల్ గురించి మన ఆఫీసుల్లో చెబితే నవ్వుతారు.

శరణార్థుల ఫిర్యాదులో పస ఉంది. 1983 సిరీస్‌లో అమెరికా ఒకవైపు, హనోయి ఒకవైపు స్పష్టంగా కనిపిస్తాయి. మధ్యలో ఓడిపోయిన దక్షిణ వియత్నాం ఎక్కువగా జనరళ్ళ, కుట్రల కథగా మిగిలిపోయింది. 2017 సిరీస్ ఈ లోటు కొంత తీర్చింది. దువాంగ్ వాన్ మై ఎలియట్ అందుకు ఉదాహరణ. తండ్రి ఫ్రెంచివాళ్ళ కింద అధికారి, అక్క ఫ్రెంచివాళ్ళతో పోరాడిన వియత్ మిన్‌లోకి వెళ్ళిపోయింది, మై మాత్రం సైగాన్‌లో అమెరికన్ పరిశోధన సంస్థ రాండ్ కోసం, పట్టుబడ్డ వియత్ కాంగ్ (దక్షిణంలోని కమ్యూనిస్టు గెరిల్లా) ఖైదీలను ఇంటర్వ్యూ చేసింది. ఒక్క కుటుంబంలోనే యుద్ధం మొత్తం ఉంది. ఇలాంటి ఒక్క సాక్షి దొరికితే నెరేషన్ సగానికి తగ్గించవచ్చు.

ఉత్తరం వైపు మాజీ సైనికులతో మాట్లాడటంలో ఇంకో చిక్కుంది. 1968లో హ్యూ నగరాన్ని పట్టుకున్నప్పుడు కమ్యూనిస్టు బలగాలు కనీసం 2,800 మందిని చంపేశాయి. దీని గురించి ఉత్తర వియత్నాం మాజీ సైనికులు 2017 సిరీస్‌లో నోరువిప్పారు. అందులో ఒకరు, ఈ మాట వల్ల తనకు ఇబ్బంది రావచ్చు, జాగ్రత్తగా వాడుకోమని కెమెరా ముందే అంటాడు. ఆ మాటను ఉంచేశారు. ఉంచాలా వద్దా అన్నది ఎడిట్ రూమ్‌లో ఎంతసేపు నలిగి ఉంటుందో ఊహించగలను. ఉంచితే మనిషికి ముప్పు, తీసేస్తే అతను ఎంత ధైర్యం చేశాడో ప్రేక్షకుడికి తెలియదు. నేనైతే అతన్ని ఇంకోసారి అడగకుండా ఉంచను.

మూగ ఫుటేజ్, అద్దిన శబ్దం

‘టీవీలో చూసిన మొదటి యుద్ధం’ అంటారు గానీ, ఆ యుద్ధపు ఫిల్మ్‌లో చాలాభాగం మూగది. సైన్యం సొంత కెమెరామెన్ తీసిన ఫుటేజ్‌లో చాలావరకు శబ్దం లేదు. నెట్‌వర్క్ వాళ్ళ 16 ఎంఎం కెమెరాల్లో సౌండ్ ఉండేది, కానీ దానితోపాటు విలేకరి కూడా ఉండేవాడు. 1965 ఆగస్టులో కామ్ నె గ్రామంలో మెరైన్లు లైటర్‌తో ఇళ్ళ కప్పులు అంటిస్తుంటే సీబీఎస్ విలేకరి మోర్లీ సేఫర్ ఆ మంటల ముందు నిలబడి చెబుతుంటాడు. ఆ షాట్ వాడితే సేఫర్ తీర్పు కూడా దాంతోపాటే వస్తుంది.

కీలకమైన చాలా ఘట్టాలకు అసలు ఫుటేజే లేదు. 1963 జనవరి 2న అప్ బాక్ దగ్గర సుమారు 350 మంది వియత్ కాంగ్‌లు అయిదు హెలికాప్టర్లను కూల్చారు. దక్షిణ వియత్నాం సైనికులు 80 మంది దాకా, అమెరికన్లు ముగ్గురు చనిపోయారు. ఈ యుద్ధం ఎటు పోతోందో ఆ రోజే తెలిసిపోయింది. కానీ విలేకర్లు చేరేసరికి పోరు ముగిసింది. ఎడిటర్ ఏం చేయాలి? వేరే వరిపొలాల్లో దిగుతున్న వేరే హెలికాప్టర్లను పెట్టాలి. సాక్షి అప్ బాక్ గురించి చెబుతుంటాడు, తెరమీద ఇంకెక్కడో, ఇంకెప్పుడో. అన్ని సిరీస్‌లూ చేస్తాయి, నేనూ చేస్తాను. ‘ఇది ఆ చోటు కాదు’ అని ఒక మూల రాస్తే పోయేదేమీ లేదని నా అభిప్రాయం. చానల్ వాళ్ళు ఒప్పుకోరు, సీన్ మూడ్ చెడిపోతుందంటారు.

శబ్దం సంగతి ఇంకా సున్నితం. 2017 సిరీస్‌లో యుద్ధ సన్నివేశాల శబ్దం చాలావరకు తర్వాత కట్టింది. పనితనంలో వంక పెట్టలేం. గది అదిరిపోతుంది. అయితే నేను పాటించే గీత ఒకటుంది. మూగ ఫుటేజ్ మీద హెలికాప్టర్ రెక్కల చప్పుడు, దూరంగా ఫిరంగుల మోత వేస్తే అది వాతావరణం. ఒక మనిషి కూలిపోయే ఫ్రేమ్ మీద తుపాకీ పేలుడు వేస్తే అది వాంగ్మూలం. కాల్చింది ఎటువైపు నుంచో, ఎన్ని గుళ్ళో మనం చెప్పినట్టే. మనకు తెలియకుండానే.

1968 ఫిబ్రవరి 1న సైగాన్ వీధిలో పోలీసు అధిపతి ఙూయెన్ ఙోక్ లోన్ ఒక వియత్ కాంగ్ ఖైదీ తలకు రివాల్వర్ గురిపెట్టి కాల్చాడు. ఎడ్డీ ఆడమ్స్ తీసిన ఫొటో అందరికీ తెలుసు. పక్కనే ఎన్‌బీసీ కోసం వో సూ కదిలే ఫిల్మ్ కూడా తీశాడు. ఫొటోలో తూటా దిగే క్షణం ఆగిపోయి ఉంటుంది, ఖైదీ ముఖం నొప్పితో వంకర పోయి ఉంటుంది. ఫిల్మ్‌లో ఆ తర్వాత జరిగింది కూడా ఉంది. మనిషి పడిపోతాడు, తలలోంచి రక్తం చిమ్ముతుంది. మరునాడు రాత్రి వార్తల్లో ఎన్‌బీసీ ఆ చివరి భాగాన్ని కత్తిరించి వేసింది. 1983 సిరీస్‌కు మీడియా పరిశోధన చూసిన లారెన్స్ లిచ్టీ ఈ ఫుటేజ్ న్యూస్‌రూమ్‌లో ఏయే చేతులు మారి ఎలా కట్ అయిందో జార్జ్ బెయిలీతో కలిసి 1972లోనే ఒక అధ్యయనం రాశాడు. ఆర్కైవ్ పరిశోధకుడు అంటే డబ్బాలు వెతికి తెచ్చేవాడు కాదు, డబ్బాలో ఉన్నది అప్పటికే ఎవరు ఎందుకు కోశారో తెలిసినవాడు. మన ప్రొడక్షన్ బడ్జెట్లలో ఈ ఉద్యోగానికి ఇప్పటికీ ఒక గడి లేదు.

2017 సిరీస్ మొదట్లో ఈ ప్రసిద్ధ ఫుటేజ్‌లన్నీ వెనక్కి నడుస్తాయి. బాంబులు నేలమీంచి లేచి విమానం కడుపులోకి వెళ్ళిపోతాయి, ఓడ మీంచి సముద్రంలోకి తోసేసిన హెలికాప్టర్ మళ్ళీ పైకొస్తుంది. చూడగానే ఒళ్ళు జలదరిస్తుంది. రెండోసారి చూస్తే నాకు చిరాకేసింది. జరగకుండా ఉంటే బాగుండునన్న కోరిక అది. కోరికతో మొదలెట్టిన సిరీస్ వెంటనే సదుద్దేశం వాక్యం దగ్గరికి వెళ్ళడంలో ఆశ్చర్యం లేదు.

తెలియనివ్వకుండా దాచిన చావు

ఇంటర్వ్యూల మీద నడిచే యుద్ధ సిరీస్‌లో సస్పెన్స్ ఉండదు. కుర్చీలో కూర్చున్నవాడు బతికి బయటపడ్డాడని ప్రేక్షకుడికి ముందే తెలుసు. 2017 బృందం దీన్ని మోగీ క్రాకర్ కథతో దాటింది. న్యూయార్క్ రాష్ట్రంలోని సారటోగా స్ప్రింగ్స్ కుర్రాడు, అసలు పేరు డెంటన్ క్రాకర్ జూనియర్. తల్లి, చెల్లెలు అతని గురించి చెబుతుంటారు. చదివిన పుస్తకాలు, సైన్యంలో చేరతానని చేసిన మొండితనం, ఇంటికి రాసిన ఉత్తరాలు. ఈ కథను ఒకేచోట చెప్పకుండా వేర్వేరు ఎపిసోడ్లలో ముక్కలుగా అల్లారు. అతను కుర్చీలో ఎందుకు లేడన్న అనుమానం మెల్లగా మొదలవుతుంది. 1966 జూన్ 4న, 19 నిండిన మరునాడు, అతను చనిపోయాడు. నాలుగో ఎపిసోడ్‌లో ఆ కబురు వచ్చేసరికి ఆ కుటుంబం మనకు గంటలకొద్దీ తెలిసినవాళ్ళు. 58 వేల పైచిలుకు అమెరికన్ల మరణాల సంఖ్య చేయలేని పని ఈ అల్లిక చేసింది.

ఇలాంటి అల్లిక వియత్నామీయుల కుటుంబం ఒక్కదానికీ ఈ స్థాయిలో దక్కలేదు. వాళ్ళ సాక్షులు గొప్పగా మాట్లాడతారు, బావో నిన్ లాంటి రచయితలు ఉన్నారు. కానీ వాళ్ళు వచ్చి చెప్పి వెళ్ళిపోతారు. ఎపిసోడ్ తర్వాత ఎపిసోడ్ వాళ్ళ ఇంటికి మనం తిరిగి వెళ్ళం. నిమిషాలే కాదు, ఎవరి ఇంటికి ఎన్నిసార్లు తిరిగి వెళ్ళామన్నది కూడా లెక్క వేయాల్సిన విషయమే.

మన దగ్గర చేస్తే

తెలుగులో వియత్నాం అంటే ఎక్కువగా కవిత్వంలోంచి, గోడమీది నినాదాల్లోంచి తెలిసిన పేరు. 1954 జెనీవా ఒప్పందం అమలును చూసిన అంతర్జాతీయ కమిషన్‌కు మన దేశమే అధ్యక్షత వహించింది, కెనడా, పోలండ్ సభ్యులు. ఆ కోణంలోంచి ఒక గంట తీసే అవకాశం మనకు ఇప్పటికీ ఉంది.

ఇంకా దగ్గరిది శ్రీలంక, 1983 నుంచి 2009 దాకా 26 ఏళ్ళు. మన చానల్ ఈ యుద్ధం మీద సిరీస్ తీస్తే ఏం జరుగుతుందో ఇప్పుడే చెప్పగలను. భారత శాంతి దళం అక్కడ ఉన్నది 1987 నుంచి 1990 మార్చి దాకా, మూడేళ్ళ లోపు. మన సైనికులు వెయ్యి మందికి పైగా చనిపోయారు. ఆ మూడేళ్ళు సగం ఎపిసోడ్లను మింగేస్తాయి, ఆపైన 1991లో శ్రీపెరంబుదూరు ఒక ఎపిసోడ్. యుద్ధం ముగిసిన, స్వతంత్ర విలేకర్లను రానివ్వని 2009 ముల్లైతీవు నెలలకు మిగిలేది చివరి అరగంట. అక్కడి ఫుటేజ్‌లో చాలాభాగం ఫోన్లలో తీసింది, తీసిన చెయ్యి సైనికుడిదో పౌరుడిదో తేల్చకుండా ఒక్క ఫ్రేమ్ వాడకూడదు. ఆ నిర్ధారణకు పట్టే సమయాన్ని ఎడిటింగ్ షెడ్యూల్‌లో కాదు, అంతకు ముందే పెట్టుకోవాలి.

1983 సిరీస్‌ను 1997లో పీబీఎస్ చరిత్ర కార్యక్రమం ‘అమెరికన్ ఎక్స్‌పీరియన్స్’ కింద మళ్ళీ వేసినప్పుడు 13 ఎపిసోడ్లను 11 చేశారు. మొదటి రెంటినీ కలిపేశారు, యుద్ధం తర్వాత మిగిలిన బతుకుల మీద తీసిన చివరి ఎపిసోడ్‌ను తీసేశారు. అదృష్టవశాత్తూ ఆ సిరీస్ కోసం తీసిన అసలు ఇంటర్వ్యూలను డబ్ల్యూజీబీహెచ్ ఆర్కైవ్ భద్రపరిచి ఆన్‌లైన్లో పెట్టింది, చాలావాటికి అచ్చు ప్రతులు కూడా ఉన్నాయి. ఈ పనిలోకి వచ్చేవాళ్ళు ప్రసారమైన ఎపిసోడ్ కంటే ముందు వాటిని చూడటం మంచిది. ప్రశ్న అడిగిన తీరు, సాక్షి ఆగిన చోట్లు, రీలు అయిపోయి మధ్యలో తెగిన జవాబులు, మళ్ళీ అదే ప్రశ్న అడిగితే ఈసారి కొంచెం మారిన జవాబు, అన్నీ అందులో ఉన్నాయి. డీన్ రస్క్‌తో మొదలుపెట్టండి.